కాదనలేని కాగితం

కోలార్ బంగారు గనుల్లో అన్నిటికీ లెక్క ఉండేది. ఏ షాఫ్టు ఎన్ని అడుగులు దిగింది, రోజుకి ఎంత రాయి పైకొచ్చింది, టన్ను రాయిలో ఎంత బంగారం తేలింది, అన్నీ పుస్తకాల్లోకి ఎక్కేవి. 1880లో జాన్ టేలర్ అండ్ సన్స్ కంపెనీ పని చేపట్టినప్పటి నుంచి 2001 ఫిబ్రవరి 28న కేంద్ర ప్రభుత్వ సంస్థ భారత్ గోల్డ్ మైన్స్ మూతపడేదాకా ఎనిమిది వందల టన్నుల పైచిలుకు బంగారం తీశారని ఈరోజు చెప్పగలుగుతున్నామంటే ఆ పుస్తకాల చలవే. 1902 నాటికే శివసముద్రం నుంచి కరెంటు తెచ్చుకున్న ఊరది. 1965లో ఛాంపియన్ రీఫ్ గనిలో, నేలకు రెండు కిలోమీటర్లకు పైగా లోతున, టాటా ఇన్‌స్టిట్యూట్ శాస్త్రవేత్తలు జపాన్, ఇంగ్లండ్ శాస్త్రవేత్తలతో కలిసి న్యూట్రినోల జాడ పట్టారు. వాతావరణంలో పుట్టే న్యూట్రినోలను గుర్తించిన తొలి ప్రయోగాల్లో అదొకటి. దేన్నీ పట్టించుకోకుండా భూగోళంలోంచి దూసుకుపోయే కణాన్ని సైతం అక్కడ పరికరం పెట్టి పట్టగలిగారు.

అదే ఊళ్ళో, అదే కాలంలో, కార్మికుల లైన్ల దగ్గర పాకీ దొడ్లు ఉండేవి. వాటిలో నీళ్ళుండవు. చీపురు, రేకు, బకెట్ పట్టుకుని ఒక మనిషి వచ్చి ఎత్తిపోస్తేనే అవి శుభ్రమయ్యేవి. ఆ పని చేసేవాళ్ళలో ఆంధ్ర ప్రాంతం నుంచి వెళ్ళిన తెలుగు దళిత కుటుంబాలున్నాయి. కంపెనీ జీతాల పట్టీలో వాళ్ళ పేర్లుంటాయి. కానీ దేశంలో ఇలాంటివాళ్ళు ఎంతమంది, ఎక్కడ, ఎవరి దొడ్లు ఎత్తుతున్నారు అని అడిగితే చెప్పేవాళ్ళు లేరు. లేని ఆ లెక్కను తయారుచేసినవాళ్ళ పనితనాన్ని దగ్గరగా చూడాలన్నది ఈ వ్యాసం ఉద్దేశం. సామాజిక సేవలో కెమెరా, కంప్యూటర్, ఫోను ఏం చేయగలవో తెలుసుకోవాలంటే నా దృష్టిలో ఇంతకు మించిన పాఠం మన దగ్గర లేదు.

బెజవాడ విల్సన్ 1966లో అక్కడే పుట్టారు. తండ్రి 1935లో గనుల టౌన్‌షిప్‌లో పాకీ పనికి చేరారు. అన్న కూడా ఆ పనిలోకే వచ్చారు. చిన్నవాణ్ణి మాత్రం చదివించాలని సరిహద్దు దాటించి ఆంధ్రలోని కుప్పం హాస్టల్లో వేశారు. తర్వాత కోలారులో ఇంటర్మీడియట్, ఆ పైన హైదరాబాదు అంబేద్కర్ సార్వత్రిక విశ్వవిద్యాలయం నుంచి రాజనీతిశాస్త్రంలో డిగ్రీ. తనవాళ్ళు చేసే పని అసలు స్వరూపం ఆయనకు ఆలస్యంగా తెలిసింది. అది చూడటానికి వెళ్ళినప్పుడు ఒక కార్మికుడి బకెట్ మలగుంటలో పడిపోవడం, అతను చొక్కా చేతులు పైకి మడిచి గుంటలో చెయ్యి పెట్టి దాన్ని తీయడం చూసి తల్లడిల్లిపోయానని ఆయన చాలా సభల్లో చెప్పారు. ఏడ్చి ఊరుకున్న మనిషి అయితే మనకు ఈ చరిత్ర ఉండేది కాదు.

1986 ప్రాంతంలో ఆయన మొదలుపెట్టిన పని ఉత్తరాలు రాయడం. గనుల యాజమాన్యానికి, మంత్రులకు, ప్రధానమంత్రికి, పత్రికలకు. జవాబులు రావడం తక్కువ. అంతకంటే కష్టమైన పోరు ఇంట్లో, వాడలో జరిగింది. ఈ మాట బయటికి వస్తే పరువు పోతుందని, ఉన్న ఉద్యోగం పోతుందని సొంతవాళ్ళే వద్దన్నారు. వాళ్ళ భయాన్ని నేను తేలిగ్గా తీసిపారేయలేను. పాకీ పని చేస్తున్నామని ఒప్పుకుంటే వచ్చే అవమానం ఒకవైపు, ఒప్పుకోకపోతే ఎన్నటికీ తీరని బాధ ఇంకోవైపు. తర్వాత ముప్పై ఏళ్ళు ఆయన సంస్థ చేసిన ప్రతి సర్వేలోనూ ఈ ముడి ఎదురైంది. దాన్ని విప్పిన తీరులోనే వాళ్ళ నేర్పంతా ఉంది.

1993లో పార్లమెంటు పాకీ పనిని, పాకీ దొడ్ల నిర్మాణాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది. ఏడాది దాకా జైలు, రెండు వేల రూపాయల దాకా జరిమానా. చట్టం వచ్చాక కూడా కోలార్ గోల్డ్ ఫీల్డ్స్, అంటే కేజీఎఫ్‌లో దొడ్లు అలాగే ఉన్నాయి. అప్పుడు విల్సన్ వాటిని, వాటిలో జరిగే పనిని ఫొటోలు తీశారు. అవి ఒక ఇంగ్లీషు దినపత్రికలో కథనంతో పాటు అచ్చయ్యాయి. విషయం పార్లమెంటు దాకా వెళ్ళింది. యాజమాన్యం హడావుడిగా సమావేశమై ఆ దొడ్లను నీళ్ళు పోసే మరుగుదొడ్లుగా మార్చింది, పాకీ పనివాళ్ళను వేరే పనుల్లోకి బదిలీ చేసింది. ఏళ్ళ తరబడి రాసిన ఉత్తరాలకు కదలనివాళ్ళు కొన్ని ఫిల్ము రీళ్ళకు కదిలారు.

ఎందుకు కదిలారన్నది జాగ్రత్తగా చూడాలి. ఫొటో చూసి జాలిపడ్డారు కాబట్టి అనుకుంటే పొరపాటు. ఉత్తరంలో రాసినదాన్ని ‘అతిశయోక్తి’ అని పక్కన పెట్టవచ్చు. ఫలానా ప్రభుత్వ సంస్థ, ఫలానా టౌన్‌షిప్, చట్టం వచ్చిన తర్వాతి తేదీ, ఇదిగో దొడ్డి, ఇదిగో మనిషి అని అయిదూ ఒకేచోట పెట్టినప్పుడు ఆ దారి మూసుకుపోతుంది. నిషేధించిన చట్టమూ, ఉల్లంఘించిన యాజమాన్యమూ ఒకే ప్రభుత్వానివేనని ఆ చిత్రాలు చూపించాయి. జవాబు చెప్పక తప్పని మనిషి ఎవరో ముందే ఆలోచించుకుని తీసిన ఫొటోలవి.

సమాజసేవ చరిత్రలో ఈ విద్యకు ఒక పెద్ద గురువున్నాడు. అమెరికాలో 1908 నుంచి బాలకార్మికుల కోసం పనిచేసిన లూయిస్ హైన్. సామాజిక శాస్త్రం చదివిన పంతులు. బట్టల మిల్లుల్లోకి, గనుల్లోకి ఏదో ఒక వేషం చెప్పుకుని వెళ్ళేవాడు. పిల్లవాడు తన కోటు ఎన్నో బొత్తాం దాకా వస్తాడో చూసుకుని ఎత్తు అంచనా కట్టేవాడు. జేబులో చెయ్యి పెట్టుకునే, కాగితం బయటికి తీయకుండా, వయసు, పని, ఎన్నాళ్ళుగా చేస్తున్నాడు అన్నవి గిలికేవాడు. ఆయన చిత్రాలు ఈరోజు మ్యూజియంలలో ఉన్నాయి గానీ, ఆ రోజుల్లో వాటికి బలం ఇచ్చింది కింద రాసిన ఆ నాలుగు వివరాలే. కేజీఎఫ్ కుర్రవాడికి హైన్ తెలుసో లేదో గానీ, పనిలోని ధర్మం ఒకటే కాబట్టి ఇద్దరూ ఒకే పద్ధతికి వచ్చారు.

1990ల మధ్యలో సఫాయి కర్మచారి ఆందోళన్ ఏర్పడింది. విల్సన్‌తో పాటు దళిత ఉద్యమకారుడు పాల్ దివాకర్, విశ్రాంత ఐఏఎస్ అధికారి ఎస్.ఆర్. శంకరన్ దానికి ప్రాణం పోశారు. శంకరన్ గారి పేరు తెలుగు పాఠకులకు కొత్తగా చెప్పక్కర్లేదు. వెట్టిచాకిరీ నిర్మూలనకు, దళితుల, గిరిజనుల హక్కులకు ఉద్యోగజీవితమంతా ధారపోసిన మనిషి, త్రిపుర ప్రధాన కార్యదర్శిగా చేసినవారు, 2005లో పద్మభూషణ్ వద్దన్నవారు. ఉద్యమంలోని ఆవేశానికి ఆయన ఫైలు భాష నేర్పారని నేననుకుంటాను. ఒక అర్జీని ఏ అధికారి ఏ మాట పట్టుకుని తిప్పి పంపిస్తాడో జీవితమంతా బల్లకు అవతల కూర్చుని చూసిన మనిషికి తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది?

2000ల మొదట్లో ఆంధ్రప్రదేశ్ వాళ్ళకు పెద్ద కార్యక్షేత్రమైంది. జిల్లా జిల్లా తిరిగి ఎక్కడెక్కడ పాకీ దొడ్లున్నాయి, ఎవరు ఎత్తుతున్నారు అని సర్వే చేశారు. దొరికిన దొడ్లను పలుచోట్ల పాకీ పనివాళ్ళే గడ్డపారలతో కూల్చారు, ఆడవాళ్ళు గంపలు తగలబెట్టారు. ఆ మంటలే పత్రికల్లో వస్తాయి. నన్ను ఆకట్టుకునేది మాత్రం దానికి ముందు జరిగిన నిశ్శబ్దమైన పని, ఫారం నింపడం.

పాకీ పని మీద సర్వే చేయడం ఎంత కష్టమో ఆలోచించండి. పని తెల్లవారుజామున మొదలై ఎండెక్కకముందే అయిపోతుంది. పదింటికి రిజిస్టరు పట్టుకుని వచ్చిన గుమాస్తాకు వీధి శుభ్రంగానే కనబడుతుంది. ఇంటివాళ్ళను అడిగితే చట్టానికి భయపడి లేదంటారు. మునిసిపాలిటీని అడిగితే తన మీద కేసు తనే ఎందుకు పెట్టుకుంటుంది? చివరికి పనిచేసే ఆమెను అడిగితే, పదిమంది ముందు ఆ మాట చెప్పడానికి ఆమెకు నోరు రాదు. అందరూ లేదంటే కాగితం మీద సున్నా పడుతుంది. అలా సున్నా పడ్డ జిల్లాలు మన దేశంలో ఎన్నో.

సఫాయి కర్మచారి ఆందోళన్ ఈ ముడిని విప్పిన తీరు సులువుగా కనిపిస్తుంది, చేయడం కష్టం. సర్వేకు వెళ్ళేవాళ్ళు చాలామంది ఆ వాడల్లోంచి వచ్చినవాళ్ళే, ఆ పని చేసినవాళ్ళో, చేసినవాళ్ళ బిడ్డలో. ఏ వీధికి ఏ వేళప్పుడు వెళ్ళాలో వాళ్ళకు తెలుసు. ‘నువ్వేం పని చేస్తావమ్మా’ అని అడగాల్సిన అవసరం లేదు, ‘మా అమ్మ కూడా ఇదే చేసింది అక్కా’ అంటే చాలు. అప్పుడు వచ్చే పేరు, చిరునామా, ఎన్ని ఇళ్ళు, ఏం ఇస్తారు అన్న వివరాలు నిజమైనవి. తర్వాత ఫొటో. పాకీ దొడ్డి దగ్గర మలం గంప పట్టుకున్న మనిషిని ఫొటో తీయడం అంటే ఆమె పరువుతో వ్యవహరించడమే. బయటివాడు తీస్తే అది చూపు, తన కోసం తనవాళ్ళు తీస్తే సాక్ష్యం. ఆమె ఒప్పుకుని, ఎందుకో తెలిసి నిలబడిన చిత్రానికే కోర్టులో విలువ.

2003లో ఈ సంస్థ, మరికొన్ని సంస్థలు, వ్యక్తులు కలిసి సుప్రీంకోర్టులో ప్రజాహిత వ్యాజ్యం వేశారు. రిట్ పిటిషన్ 583 ఆఫ్ 2003. ప్రతివాదులు అన్ని రాష్ట్రాలు, కేంద్రంలోని శాఖలు. కోర్టు జవాబులు అడిగితే చాలా రాష్ట్రాలు ‘మా దగ్గర పాకీ పని లేదు’ అని అఫిడవిట్లు వేశాయి. అసలు పనితనం ఇక్కడ బయటపడింది. ఒక రాష్ట్రం లేదని ప్రమాణం చేసినప్పుడల్లా పిటిషనర్లు ఆ రాష్ట్రం నుంచే పేర్లు, ఊళ్ళు, ఫొటోలు తెచ్చి కోర్టు ముందు పెట్టారు. పదేళ్ళకు పైగా ఇదే పని. తీర్పు చదివేవాళ్ళకు కొన్ని పేరాలు కనిపిస్తాయి. వాటి వెనక ఎంతమంది ఎన్ని చీకటి పొద్దుల్లో వీధులు తిరిగారో ఊహించుకోవాలి. కెమెరా డిజిటల్ కావడం, వివరాలు కంప్యూటర్లోకి చేరడం ఈ పోరాటం మధ్యలోనే జరిగాయి. ఫిల్ము కడిగించే రోజుల్లో ఒక్కో ఫొటోకు ఖర్చుండేది, లెక్కబెట్టి తీయాలి. డిజిటల్ వచ్చాక ఒక దొడ్డిని నాలుగు కోణాల్లో తీయవచ్చు, తీసిన రోజే ఢిల్లీకి పంపవచ్చు, జిల్లాల వారీగా పేర్చి అడిగిన జిల్లా అడిగినట్టు బయటికి తీయవచ్చు. మోసే బరువు తగ్గింది, కోర్టుకిచ్చే జవాబు వేగం పెరిగింది. వీధిలో చేసే పని మాత్రం అణువంతైనా తగ్గలేదు.

ఈ ఒత్తిడికి లెక్కలు కూడా కదిలాయి. 2011 జనాభా లెక్కల్లో ఇళ్ళ గణన చేసినప్పుడు, మనుషులు మలం ఎత్తే దొడ్లు దేశంలో 7.94 లక్షలున్నాయని తేలింది. ‘లేవు’ అని ప్రమాణం చేసిన ప్రభుత్వాల గుమాస్తాలే ఇల్లిల్లూ తిరిగి తెచ్చిన సంఖ్య అది. 2013లో కొత్త చట్టం వచ్చింది. 2014 మార్చి 27న ప్రధాన న్యాయమూర్తి సదాశివం, జస్టిస్ రంజన్ గొగోయ్, మన జస్టిస్ ఎన్.వి. రమణల ధర్మాసనం తీర్పు చెప్పింది. 1993 నుంచి మురుగు గుంతల్లో చనిపోయిన ప్రతి ఒక్కరి కుటుంబాన్నీ గుర్తించి పది లక్షల రూపాయలు ఇవ్వాలంది.

ఆ ఆదేశంతో ఇంకో కష్టమైన జాబితా పని మీద పడింది. బతికున్న మనిషి పేరు చెబుతాడు, నిలబడతాడు. మ్యాన్‌హోల్‌లో ఊపిరాడక పోయినవాడి తరఫున ఎవరు చెప్పాలి? ఎఫ్ఐఆర్‌లో ‘ప్రమాదవశాత్తు’ అని ఉంటుంది. కాంట్రాక్టరు అతను నా మనిషి కాదంటాడు. మునిసిపాలిటీ మేం దిగమనలేదంటుంది. పోస్టుమార్టం కాగితం ఎక్కడో ఉంటుంది, భార్య పుట్టింటికి వెళ్ళిపోయి ఉంటుంది. ఇరవై ఏళ్ళ కిందటి చావును ఇప్పుడు పత్రంగా మార్చాలంటే పాత పత్రికల ముక్కలు, పోలీసు స్టేషను నకళ్ళు, కూడా దిగి బతికి బయటపడ్డవాడి మాట, ఇవన్నీ ఏరుకు రావాలి. 2015 డిసెంబరు 10న బయల్దేరి 125 రోజులు దేశమంతా తిరిగి, అంబేద్కర్ 125వ జయంతికి ముందురోజు ఢిల్లీ చేరిన భీమ్ యాత్ర చాలామందికి నినాదాల యాత్రగా గుర్తుంది. ‘మమ్మల్ని చంపకండి’ అన్నది దాని కేక. దారి పొడుగునా సభలకు వచ్చిన వితంతువులు తమవాళ్ళ పేర్లు చెప్పుకున్నారు. లెక్కలోకి రాని చావులు అలా ఒక్కొక్కటే లెక్కలోకి వచ్చాయి. ఆ యాత్ర ముగిసిన 2016లోనే విల్సన్‌కు రామన్ మెగసెసె పురస్కారం వచ్చింది.

కేజీఎఫ్ కథ 1990ల్లో దొడ్లు మార్చడంతో అయిపోలేదు. గనులు మూతపడి, జనం పొద్దున్నే రైలెక్కి బెంగుళూరుకు కూలికి పోయే ఊరయ్యాక, మలగుంటల సమస్య మళ్ళీ పైకొచ్చింది. 2011లో అక్కడే గుంట శుభ్రం చేయబోయి ముగ్గురు మనుషులు చనిపోయారు. పౌరహక్కుల సంఘంవాళ్ళు మళ్ళీ ఊళ్ళో తిరిగి వివరాలు రాయాల్సి వచ్చింది. ఒకసారి సరిచేసిన లెక్కను మళ్ళీ మళ్ళీ సరిచూస్తూనే ఉండాలని ఆ ఊరే చెప్పింది.

ఇక ఫోన్ల కాలం. 2020 డిసెంబరు 24న కేంద్ర సామాజిక న్యాయ శాఖ స్వచ్ఛతా అభియాన్ అనే మొబైల్ యాప్ విడుదల చేసింది. ఎవరైనా సరే పాకీ దొడ్డి కనిపిస్తే ఫొటో తీసి, అది ఉన్న చోటు గుర్తుతో సహా పంపవచ్చు. విల్సన్ కేజీఎఫ్‌లో చేసినదాన్ని ప్రభుత్వమే కోట్లాది చేతుల్లో పెట్టినట్టయింది. ఆరు వేలకు పైగా వివరాలు అప్‌లోడ్ అయ్యాయి. జిల్లా అధికారులు పరిశీలిస్తే వాటిలో ఒక్కటీ నిజమని తేలలేదని ప్రభుత్వం పార్లమెంటులో చెప్పింది. పరికరం అంతకు ముందుకన్నా మెరుగైనది. అందులో ఉపగ్రహం చెప్పే చోటు ఉంది, తేదీ ఉంది, గంట ఉంది. లేనిది ఆ ఫొటో వెంట నడిచి వెళ్ళి, పరిశీలనకు వచ్చిన అధికారి పక్కన నిలబడి, ‘ఇదిగోనయ్యా, ఇక్కడే, పొద్దున అయిదింటికి రా’ అని చెప్పే మనిషి. అప్‌లోడ్ చేసిన చేతికి, తిరస్కరించిన సంతకానికి మధ్య ఎవరూ లేరు. అంతకు ముందు 2013, 2018 సర్వేలలో కలిపి దేశంలో గుర్తించిన పాకీ పనివాళ్ళు 58,098 మంది. అదైనా చాలాచోట్ల శిబిరం పెట్టి ‘వచ్చి చెప్పుకోండి’ అంటే వచ్చి చెప్పుకోగలిగినవాళ్ళ లెక్క.

సఫాయి కర్మచారి ఆందోళన్ అదే ఫోనును ఎలా వాడిందో పక్కన పెట్టి చూస్తే తేడా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. 2022 మే 11 నుంచి రోజుకో ఊళ్ళో మురుగు చావులను ఆపమంటూ ప్లకార్డులు పట్టుకుని నిలబడటం మొదలుపెట్టారు. కొద్దిమందే ఉండేవారు, వాళ్ళలో చనిపోయినవాళ్ళ భార్యలుండేవారు. ఆ రోజు ఫొటో ఆ రోజే సామాజిక మాధ్యమాల్లోకి వెళ్ళేది. మర్నాడు ఇంకో ఊరు. ఏడాది దాటినా ఆపలేదు. ఎక్కడ ఎవరు పోయినా ఆ పేరు మర్నాటి ప్లకార్డు మీదకు రావడానికి ఫోను పనికొచ్చింది. తప్పించుకోవడానికి సందు ఇవ్వకుండా తేదీల వారీగా కుట్టుకుంటూ పోయిన గొలుసది.

2023 అక్టోబరు 20న సుప్రీంకోర్టులో బల్‌రామ్ సింగ్ కేసులో జస్టిస్ రవీంద్ర భట్, జస్టిస్ అరవింద్ కుమార్ మురుగు చావులకు పరిహారం ముప్పై లక్షలకు పెంచారు. చావుల వివరాలు, పరిహారం, పునరావాసం అందరికీ కనిపించేలా ఒక పోర్టల్, ఒక డ్యాష్‌బోర్డ్ పెట్టాలని కూడా ఆదేశించారు. వ్యాజ్యాలు వేసినవాళ్ళు ఇన్నాళ్ళుగా చేతులతో చేసిన పనిని ఇక ప్రభుత్వం యంత్రంతో చేయాలి. ఆ పోర్టల్ రూపకల్పనకు కూర్చునే ఇంజినీర్లు, సమాజసేవలో ఎమ్మెస్‌డబ్ల్యూ పట్టాతో ఆ పనిలో చేరే కోలారు, చిత్తూరు, అనంతపురం పిల్లలు ముందుగా 2003 నాటి ఆ వ్యాజ్యం కాగితాలు తిరగేయాలి. చనిపోయినవాడి పేరు గడి ఎలాగూ ఉంటుంది. దిగమన్నది ఎవరు అన్న గడి ఉండాలి. పని ఇచ్చిన ఇంటి, సంస్థ పేరు ఉండాలి. ఎఫ్ఐఆర్ నకలు అక్కడే తెరుచుకోవాలి. డబ్బు ఏ తేదీన ఎవరి ఖాతాలో పడిందో ఉండాలి. ‘నిర్ధారణ కాలేదు’ అని రాసిన ప్రతిచోటా, చూడటానికి వెళ్ళిన అధికారి పేరు, వెళ్ళిన తేదీ, వెళ్ళిన గంట, వెంట వచ్చిన వాడ మనిషి సంతకం ఉండాలి. ఈ చివరి నాలుగూ లేకుండా ఆ గడి నింపడానికి యంత్రం ఒప్పుకోకూడదు.